అంటున్నారు

హలో… ఆ, నేనే. మీ వదిననే.

…ఇంకెవరు ఎత్తుతారు ఈ ఇంట్లో? మీ అన్నయ్య ఫొటోలోంచి దిగొచ్చి ఎత్తుతాడా?

…బాగానే ఉన్నాను. మెడనొప్పి ఒక్కటే. … ఆ, వెళ్తున్నాను, వారానికి రెండుసార్లు. ఆ వైద్యం చేసే పిల్ల నా తలకాయ పట్టుకుని కుళాయి తిప్పినట్టు తిప్పుతుంది.

…చూశాను. నువ్వు పంపిన పావుగంటకే చూశాను. … రెండుసార్లు.

…లేదు, ఏడవలేదు. ఎందుకు ఏడుస్తాను?

…నా మీద సినిమా బాగానే తీశారు. సంగీతమే ఎక్కువైంది. నేను నోరు తెరిచినప్పుడల్లా వెనకాల వయొలిన్ ఒకటే ఏడుపు. కాసేపు చచ్చిపోయానేమో అనుకున్నాను.

…నవ్వకు. నిజంగానే అలా ఉంది.

…ఆ రేడియో రోజులవి ఎక్కడ దొరికాయి మీకు? నా గొంతు నేనే గుర్తుపట్టలేదు. ఇరవై మూడేళ్ళ పిల్ల సంతలో ఉల్లిపాయల ధర చదువుతోంది, పట్టాభిషేకం చదువుతున్నట్టు.

…ఊఁ.

…ఆ వరద ముక్క కూడా పెట్టారు. ‘నడుం లోతు నీళ్ళలో నిలబడి’ అని ఎవరి చేతో చదివించారు. … నీకు తెలీదా? మోకాలి లోతే అబ్బాయ్. కెమెరా ఆయన ‘మైకమ్మా, కాస్త కూర్చో’ అన్నాడు. కూర్చున్నాను. నడుం లోతు అయింది.

…అందరూ చేసేదేలే. ముప్ఫై ఎనిమిదేళ్ళూ ఆ మాటే అనుకుంటూ గడిపేశాను.

…అమ్మాయికి పంపాను. ఏమందో తెలుసా నీ అన్న కూతురు? చివర్లో ‘ఛానెల్లో అందరికీ అమ్మ’ అని రాశారు కదా. ‘వాళ్ళందరికీ అమ్మే, నాకు మాత్రం ఏడున్నరకి టీవీలో కనిపించే ఆవిడ’ అంది. … కోపంగా కాదు. కూరలో ఉప్పు తక్కువైందని చెప్పినట్టు చెప్పింది. కోప్పడి ఉంటే బాగుండేది.

…అవార్డు సంగతి తర్వాత. ముందు నాకో పని చేసిపెట్టు.

…ఆ సినిమాలో ఐదో నిమిషం దగ్గర ఒక ముక్క ఉంది. పదకొండు సెకన్లు. అది తీసెయ్.

…ఏ ముక్కో నీకు తెలుసు.

…ఆ. కాంపౌండర్ ముక్క.

…

…ఉన్నావా?

…తెలుసు. ఆ ముక్కతోనే ఛానెల్‌కి పేరొచ్చింది. నాకూ వచ్చింది, నీకూ వచ్చింది. అందుకే తీసెయ్యమంటున్నాను.

…‘ఇంత చిన్నదానికి’ అనకు.

…గుర్తులేదా? … నిజంగా? అబ్బాయ్, టేపు ముట్టుకుంటే అందులో ఏముందో చెప్పేవాడివి నువ్వు. ఊరికే కత్తెర అని పేరు పెట్టలేదు నీకు. … సరే. గుర్తులేకపోతే నేను చెప్తాను, విను.

…మీటింగ్ ఆగుతుంది. ఆదివారం అందరి ముందూ నన్ను కుర్చీలో కూర్చోబెట్టి చప్పట్లు కొట్టించబోతున్నావు. పది నిమిషాలు వినలేవా?

…ఊఁ. తలుపేసుకో.

పిల్లల ఆస్పత్రిలో నలుగురు పిల్లలు పోయారు. దగ్గుమందు తాగి. అవునా? … ఆ సీసాలు పంచింది ఆయన, కాంపౌండర్. మధ్యాహ్నానికల్లా ఊరంతా ఆయన పేరే. నేనూ కెమెరా ఆయనా వాళ్ళింటికి వెళ్ళాం. గేటుకి నీలం రంగు సగం వేసి ఆపేశాడు. బ్రష్షు ఇంకా డబ్బాలోనే ఉంది. ఆ రోజు సెలవు పెట్టి గేటుకి రంగేసుకుంటున్నాడు పాపం. అప్పుడు తెలిసింది ఆయనకి.

కిటికీలోంచి భార్య వద్దంది. మాట్లాడొద్దు, లోపలికి రమ్మంది. ఆయనా తిరిగాడు. అప్పుడు నేనన్నాను… ఇది మాత్రం ఎవరికీ చెప్పలేదు, మీ అన్నయ్యకి కూడా. ‘మీ మాట మీ నోటితోనే చెప్పండి. ఒక్క అక్షరం పోకుండా చూసే పూచీ నాది’ అన్నాను.

…ఆ. నమ్మాడు. చేతుల నిండా నీలం రంగు. తుడుచుకుంటూ వచ్చి నిలబడ్డాడు. రెండు నిమిషాల నలభై సెకన్లు మాట్లాడాడు. నీళ్ళు నమలలేదు, తడుముకోలేదు. ‘తప్పు నాదే అంటున్నారు. ఆ సీసాలు వాసన తేడాగా ఉన్నాయని పది రోజుల కిందటే పెద్ద డాక్టరుగారికి కాగితం రాసిచ్చాను. నకలు నా దగ్గర ఉంది, రండి చూపిస్తాను’ అన్నాడు. ఆ తర్వాత ఆ నలుగురు పిల్లల పేర్లు చెప్పాడు. ఏ బిడ్డకి ఎన్నేళ్ళో, ఏ మంచమో. ఆయనకి అన్నీ తెలుసు.

…నకలు చూడలేదు. టైం లేదు. బండెక్కేశాం.

…ఇప్పుడు గుర్తొచ్చిందా? నేను టేపు తెచ్చి నీ బల్ల మీద పెట్టేసరికి ఏడూ ఇరవై నాలుగు. మన న్యూస్ ఎడిటర్ పెద్దాయన తలుపు దగ్గర నిలబడ్డాడు. అవతలి ఛానెల్‌కి మంత్రి దొరికాడు, మనకి ఎవరున్నారు అని. నేను నీ పక్కన కూర్చుని చెప్పాను. ‘తప్పు నాదే’ దగ్గర ఆపు. ‘అంటున్నారు’ వద్దు.

…నువ్వు అడిగావు. అడగలేదని నేననను. మనిషన్నవాడివి, అడిగావు. ‘వదినా, అక్కడ తుంచితే ఆయనే ఒప్పుకున్నట్టవుతుంది’ అన్నావు. నేనేమన్నాను?

…

…చెప్పు. నీ నోటితో వినాలనుంది.

…ఆ. ‘అవనీ’ అన్నాను. మూడక్షరాలు.

…లేదు, పెద్దాయన మీదకి తొయ్యకు. పోయినవాడి మీద ఎంతైనా తొయ్యొచ్చు, కాదనడానికి రాడుగా. ఆయనకి టేపులో ఏముందో తెలీదు. తెలిసింది మనిద్దరికే. నోరు నాది, చెయ్యి నీది.

…వయసులో ఉన్నాం, ఔను. నాకు ముప్ఫై తొమ్మిది. పాలు తాగే పిల్లనా?

…నువ్వు నన్ను ఓదార్చకు అబ్బాయ్. తర్వాత ఏమైందో కూడా విను. … తెలిసినా విను.

బులెటిన్ అయిన గంటకి వాళ్ళింటి మీద రాళ్ళు పడ్డాయి. పొద్దున్నే పోలీసులు తీసుకెళ్ళారు. పదకొండు నెలలు లోపల ఉన్నాడు. ఆయన లోపల ఉండగానే నాకు ఉత్తమ విలేకరి అని బహుమతి ఇచ్చారు. తీసుకున్నాను. కొత్త చీర కట్టుకుని మరీ వెళ్ళాను. … నువ్వూ వచ్చావు, అవును. మీ అన్నయ్య రాలేదు. కడుపునొప్పన్నాడు. ఆయనకి కడుపునొప్పి జన్మలో లేదు.

…ఊరంతా ఆడుకుంది కదా ఆ మాటతో. ఎవరి చేతిలోనైనా గ్లాసు జారి పగిలితే ఆయనలా ముఖం పెట్టి ‘తప్పు నాదే’ అనేవాళ్ళు. మన క్యాంటీన్లోనే అనేవాళ్ళు. ఒకసారి నువ్వూ అన్నావు. నేనూ నవ్వాను.

…ఊఁ.

…కోర్టులో ఆ నకలు బయటపడింది. మందు చేసిన కంపెనీదే తప్పని తేలింది. ఆయన్ని వదిలేశారు. నేను పెద్దాయన దగ్గరికి వెళ్ళాను, ఆ ముక్క వేసిన చోటే, ఏడున్నరకే, ఇది కూడా వేద్దామని. ‘దోషి అంటే చూస్తారు గానీ నిర్దోషిని ఎవరు చూస్తారమ్మా’ అన్నాడు. మర్నాడు మధ్యాహ్నం వాతావరణానికి ముందు పన్నెండు సెకన్లు చదివించాడు. ముఖం లేదు, గొంతు లేదు. నేను ఊరుకున్నాను. ఊరుకున్నందుకు మర్నాటి నుంచి రాత్రి చర్చ నాకిచ్చారు.

…నాకూ జరిగిందిలే. నలభై ఆరేళ్ళకి ముఖం పాతబడిందన్నారు, గొంతు మాత్రం ఉంచుకున్నారు. యాభై రెండుకి గొంతూ పాతబడింది. జెరాక్స్ మిషన్ పక్కన కుర్చీ వేసి సలహాదారు అన్నారు. తొమ్మిదేళ్ళలో నన్ను సలహా అడిగినవాడు ఒక్కడే, కాగితం ఇరుక్కుంది ఏ మీట నొక్కాలండీ అని. … నిన్ననడం లేదు. నీ చేతిలో ఏముంది అప్పుడు. నాకు జరిగింది ఆయనకి జరిగినదాని ముందు దిగదుడుపుకి కూడా రాదు. అది చెప్తున్నాను.

…వస్తున్నాను, అక్కడికే వస్తున్నాను. ఇన్నాళ్ళూ లేనిది ఇప్పుడెందుకంటే…

…కనపడ్డారు. పోయిన నెల. ఆ మెడ వైద్యం చేసే చోటే. కుర్చీల వరస ఉంటుంది, చీటీ నంబరు పిలుస్తారు. నా నంబరు ఎంతమ్మా అని అడిగాను అంతే. ముందు వరసలో ఒకావిడ గభాలున వెనక్కి తిరిగింది. ముఖం చూసి గుర్తుపట్టేవాళ్ళు ఎప్పుడో పోయారు. ఆవిడ గొంతు విని పట్టుకుంది.

…ఆయన భార్య. పక్కన చక్రాల కుర్చీలో ఆయన.

…పక్షవాతం. ఏడాది దాటింది. కుడిపక్క మొత్తం పడిపోయింది. మాట పోయింది.

…ఆ. మాటే పోయింది. వింటాడు, అర్థమవుతుంది, పైకి రాదు.

…నన్ను చూశాడు. ఎడమ చెయ్యి ఎత్తాడు. కొడతాడనుకున్నాను. నిజం చెప్పాలంటే, కొడితే బాగుండుననుకున్నాను. పక్క కుర్చీలో వాళ్ళ సంచి ఉంది. అది తీసి ఒళ్ళో పెట్టుకున్నాడు. నేను కూర్చోవడానికి.

…

…కూర్చున్నాను. ఏం చెయ్యను? నిలబడే ఓపిక లేదు, పారిపోయే ఓపిక అసలే లేదు.

…తిట్టలేదు. ఆవిడ ఒక్క మాట అనలేదు. తిట్టి ఉంటే నాలుగు రోజులు ఏడ్చి ఊరుకునేదాన్ని. నెమ్మదిగా అడిగింది. ‘ఆయన గొంతు మీ దగ్గరే ఉందండీ’ అంది.

…నాకూ అర్థం కాలేదు ముందు. ఆ గొడవ తర్వాత ఆయన ఏ కెమెరా ముందూ నోరు తెరవలేదట. కొడుకు పెళ్ళి వీడియోలో కూడా స్తంభం వెనకాల నిలబడ్డాడట. ఎవరైనా ఫోన్ ఎత్తి తీయబోతే లేచి లోపలికి వెళ్ళిపోయేవాడట. ఇప్పుడు మాట పోయాక చూసుకుంటే, ఇరవై ఆరేళ్ళలో ఆయన గొంతు ఎక్కడా లేదు. ఉన్నదల్లా ఆ రెండు మాటలే. ఇంటర్నెట్‌లో ఇంకా తిరుగుతున్నాయి. వాళ్ళ ఆయన గొంతు వినాలంటే ఆవిడ అది పెట్టుకుని వినాలి.

…ఆ. ఆలోచించు.

…‘ఆ రోజు గేటు దగ్గర చాలా మాట్లాడారు కదండీ, మిగతాది ఉందా’ అని అడిగింది. వెతుకుతానన్నాను. అదొకటి. రెండోది, మనవరాలు మూడో తరగతిలో ఉంది. ఈ ఆదివారం ప్రోగ్రాం ప్రకటన చూసిందట ఆవిడ. అందులో వాళ్ళాయన ముఖం. మళ్ళీ ఆ మాట. వాళ్ళబ్బాయిని బడిలో ‘తప్పునాదే కొడుకు’ అని పిలిచేవాళ్ళట, పదో తరగతి దాకా. ‘ఇప్పుడు ఈ పిల్లని కూడా అంటారేమోనండీ’ అని మొన్న ఫోన్ చేసి అడిగింది. గట్టిగా కూడా అడగలేదు. ఆఫీసులో గుమాస్తాని అడిగినట్టు అడిగింది.

…అందుకే. ముక్క తీసెయ్. టేపు వెతికించు. రెండే.

…నేను క్షమాపణ చెప్పలేదనుకున్నావా? స్టేజి మీద చెప్తానన్నాను ఆవిడతో. జరిగింది జరిగినట్టు చెప్తానన్నాను. ఏమందో తెలుసా? ‘మీరు క్షమాపణ చెప్తే, ఎందుకు చెప్పారో చూపించడానికి మళ్ళీ ఆ ముక్కే వేస్తారు కదండీ’ అంది. ఇన్నేళ్ళ ఉద్యోగంలో నాకు తట్టలేదు అది. ఆవిడకి తట్టింది. నిజమే కదా? నాలుగు రోజులు, ప్రతి ఛానెల్లో, గంటకి ఆరుసార్లు వేస్తారు.

…అదీ నిజమే. స్టేజి మీద చెప్పినా నువ్వు రానివ్వవు. పావుగంట ఆలస్యంగా కదా ప్రసారం చేసేది. నీ పనే అది.

…టేపు లేదా?

…వాడేశారా? దాని మీద వేరే రికార్డు చేసేశారా? ఎప్పుడు?

…అబ్బాయ్. నీకు అబద్ధం చెప్పడం రాదు. ముప్ఫై ఏళ్ళ నుంచి చూస్తున్నాను, అబద్ధం చెప్పే ముందు గొంతు సవరించుకుంటావు. ఇప్పుడే సవరించుకున్నావు.

…

…ఎక్కడ?

…నీ దగ్గరా? నీ బల్ల సొరుగులోనా?

…ఇరవై ఆరేళ్ళ నుంచా?

…రెండు ఆఫీసులు మారాం. ఆ టేపు పట్టుకునే మారావా?

…ఎందుకు దాచావు? భయానికా, బాధకా?

…తెలీదు. ఊఁ. తెలీదంటే నమ్ముతాను.

…విన్నావా ఎప్పుడైనా? … ఒక్కసారి కూడా లేదు.

…సరే. అయితే ఇచ్చెయ్. నేనే వచ్చి తీసుకుంటాను.

…

…అదేంటి?

…మళ్ళీ చెప్పు. నెమ్మదిగా చెప్పు, అర్థమయ్యేట్టు.

…టేపు ఇస్తే… ముక్క ఉండాలి. నేను స్టేజి మీద ఉండాలి, ఆ ముక్కకి చప్పట్లు కొట్టించుకోవాలి. అప్పుడు రేపు వాళ్ళు ఆ టేపు పట్టుకుని కోర్టుకెళ్ళినా, మైకమ్మే దాన్ని గొప్పగా చెప్పుకుంది అనొచ్చు మీరు. … ఊఁ. ముక్క తీసేస్తే… ఎందుకు తీశారని యజమాని అడుగుతాడు, బయటివాళ్ళూ అడుగుతారు. అప్పుడు టేపు అనేది ఉండకూడదు. చెరిపెయ్యాలి. అంతేనా?

…రెండూ అడగొద్దా.

…ఛానెల్ అమ్మకానికి ఉందా. ఆ, అదన్నమాట. కొనేవాళ్ళు ఇంట్లో పాములున్నాయా అని చూస్తున్నారు.

…బెదిరించడం లేదన్నావు. అవును, బెదిరించడం లేదు. నీకూ కూతుళ్ళున్నారు, నాకు తెలుసు. నువ్వు చెడ్డవాడివి కాదు అబ్బాయ్. చెడ్డవాడివైతే నాకు ఇంత కష్టంగా ఉండేది కాదు. నిన్ను తెచ్చి ఆ కుర్చీలో కూర్చోబెట్టింది నేనే. మీ అన్నయ్య వద్దన్నాడు, బడిపంతులు ఉద్యోగం చూద్దామన్నాడు.

…నిర్ణయం ఇప్పుడే కావాలా?

…పన్నెండింటికి కొత్త ప్రకటన వెళ్ళాలి. ఊఁ. టైం లేదు. నేనూ నీకు ఆ మాటే చెప్పానుగా.

…లేదు. నేను నిర్ణయించను. వాళ్ళ తరపున ఒకసారి నిర్ణయించాను, చాలు. ఆగు. నువ్వు లైన్లోనే ఉండు. ఇంట్లో రెండో ఫోన్ ఉంది, ల్యాండ్‌లైన్. ఆవిడకి చేస్తాను. నంబరు చీటీ మీద రాసిచ్చింది.

…పేరు చెప్పను నీది. ఉండు.

—

…అమ్మా, నేనండీ. టీవీ ఆవిడని. … ఆ. భోజనం పెడుతున్నారా ఆయనకి? … ముందు పెట్టండి, నేను ఆగుతాను.

…సరే.

…దొరికింది అమ్మా. టేపు దొరికింది. మొత్తం ఉంది.

…అమ్మా. వినండి. ఏడవకండి, ముందు వినండి. రెండూ ఇవ్వరట. టేపు కావాలంటే ఆదివారం ఆ ముక్క వేస్తారు. ముక్క వెయ్యకూడదంటే టేపు చెరిపేస్తారు. ఏదో ఒకటే.

…నేను గట్టిగానే అడిగాను. నా మాటకి అంత బలం లేదిప్పుడు.

…నన్నడక్కండి. నేను చెప్పను. మీకేది కావాలో మీరు చెప్పండి.

…ఆయన్ని అడుగుతారా? … అడగండి. ఆయన్నే అడగండి. ఎంతసేపైనా పర్వాలేదు.

—

…ఉన్నావా అబ్బాయ్? … ఉండు. ఆయన్ని అడుగుతోంది. … అడుగుతోంది అన్నాను కదా. పన్నెండు కాలేదింకా.

—

…ఆ, చెప్పండమ్మా.

…పలక మీద రాశారా? ఎడమ చేత్తోనా? … ఏం రాశారు?

…

…ఇంకోసారి చదవండి. ఉన్నది ఉన్నట్టు చదవండి.

…

…మీరేమంటారు? … మీకు కావాలని నాకు తెలుసు. మీరు అడిగిందే అది. … ఊఁ. … ఊఁ. … ఆయన మాటే మీ మాట. సరే అమ్మా. పెట్టెయ్యకండి. అలాగే ఉండండి.

—

…విను. ఆయన రాసింది చెప్తున్నాను, ఒక్క ముక్క తీయకుండా. ‘నా గొంతు వద్దు. పిల్ల బడికి ప్రశాంతంగా వెళ్ళాలి.’ అంతే. కింద సంతకం కూడా పెట్టాడట. అలవాటు అనుకుంటాను, ఆస్పత్రి కాగితాల మీద పెట్టి పెట్టి.

…ఊపిరి పీల్చుకున్నావు. వినపడింది నాకు.

…ఆ, తీసెయ్. ప్రకటనలోంచీ తీసెయ్, సినిమాలోంచీ తీసెయ్, ఇంటర్నెట్‌లో మీరు పెట్టినవన్నీ తీయించు. వేరేవాళ్ళు పెట్టినవి నీ చేతిలో లేవు, తెలుసు. … మాటివ్వు. … నా మీద కాదు, నీ కూతుళ్ళ మీద.

…సరే.

…వస్తాను. వచ్చి కూర్చుంటాను. ఏమీ మాట్లాడను, నమస్కారం పెట్టి దిగిపోతాను. అన్నీ నీకు కలిసొచ్చాయి. ముక్కా పోతుంది, టేపూ పోతుంది, ఆయన మాట మనం తుంచామని ఇక ఎక్కడా సాక్ష్యం ఉండదు. నీకు మంచి రోజు.

…బాధపడుతున్నావా? అయితే ఒకటి అడుగుతాను, చేస్తావా?

…నీ గదిలో ఆ టేపు వేసే మిషన్ ఉందా ఇంకా? … పని చేస్తుందా? … అయితే వెయ్. చెరిపే ముందు ఒక్కసారి వెయ్. నీ ఫోన్ దాని పక్కన పెట్టు. నేను నా సెల్లు ల్యాండ్‌లైన్ పక్కన పెడతాను.

…రికార్డు చెయ్యరు. ఆవిడ చేతిలో ఉన్నది పాత బొత్తాల ఫోను. … అబ్బాయ్, రెండు నిమిషాల నలభై సెకన్లు. మనం తీసుకున్నదాంట్లో ఒక్కసారి వినిపించమంటున్నాను, అంతే.

…

…ఆ. వెయ్. నువ్వు గదిలోంచి బయటికి వెళ్ళకు. నువ్వూ విను.

—

…అమ్మా, ఉన్నారా? ఫోన్ ఆయన చెవి దగ్గర పెట్టండి. మీరూ దగ్గరగా కూర్చోండి. చెరిపేసే ముందు ఒక్కసారి వేస్తున్నారు. నేను మాట్లాడను. … అవును. ఆయనే.

…ఆ, వస్తోంది.

…

…

…

…

…అయిపోయిందమ్మా.

…అంతే. అంతే ఉంది.

…

…ఆయనేం చేస్తున్నారు?

…పెదాలు కదిపారా? … టేపుతో పాటే? … మొత్తమా? … పిల్లల పేర్లు కూడా.

…

…నన్ను అలా అనకండి. దయచేసి. నాకు దండం పెట్టకండి అమ్మా, దేనికి పెడుతున్నారు.

…లేదు, రాను. వచ్చే ముఖం లేదు నాకు. … అక్కడ కనపడితే కూర్చుంటాను. ఆయన చోటిస్తే.

…ఇక మీరు పెట్టెయ్యండి. ఈ తర్వాత జరిగేది మీరు వినక్కర్లేదు. … ఉంటానమ్మా. ఆయనకి అన్నం చల్లారిపోయి ఉంటుంది, చూడండి.

—

…ఆవిడ పెట్టేసింది.

…ఏడుస్తున్నావా?

…ఇప్పుడొద్దు. ఇప్పుడు ఏడిస్తే అది మనకోసం ఏడ్చినట్టవుతుంది.

…ఇవ్వాలనిపిస్తోందా? టేపు పంపించేస్తావా? … నిజంగానా? … ఉద్యోగం పోతుంది. ఛానెల్ అమ్ముడుపోదు. పంపగలవా?

…

…

…ఊఁ. అదే అనుకున్నాను. సరేలే. తప్పు పట్టడం లేదు. నేనైనా పంపేదాన్ని కాదు ఆ కుర్చీలో ఉంటే. పంపి ఉంటే ఎప్పుడో పంపేదాన్ని.

…చెరుపు.

…ఇప్పుడే. రేపు అంటే నువ్వు దాన్ని మళ్ళీ సొరుగులో పెట్టుకుంటావు, ఇంకో ఇరవై ఏళ్ళు మోస్తావు, ఎవరికీ ఇవ్వవు. నాకు తెలుసు నీ సంగతి. ఆయన అడిగింది అది కాదు.

…ఎంతసేపు పడుతుంది? … మాట్లాడినంత సేపూ పడుతుందా చెరపడానికి?

…పర్వాలేదు. లైన్లోనే ఉంటాను. మొదలెట్టు.

…

…ఆ, చప్పుడు వినపడుతోంది.

…

…మాట్లాడకు.

…

…

…అయిందా?

…మొత్తం?

…సరే. పెట్టేస్తున్నాను.